మూడు సినిమాల వెనక ఒకే కన్ను: సెవ్దియె కస్త్రాతి

2018లో ఆగ్నేయ యూరప్‌లోని కొసొవో దేశం ఆస్కార్ పోటీకి ‘మర్తెసా’ అనే సినిమాను పంపింది. మరుసటి ఏడు ‘జానా’ను పంపింది. దర్శకులు వేరు, కథలకు పొంతన లేదు. మొదటిది పెళ్లి ముంగిట చిక్కుకున్న ముగ్గురి కథ, రెండోది పల్లెటూళ్లో కంటిమీద కునుకు లేని ఒకావిడ కథ. హీరోయిన్ మాత్రం రెండిట్లోనూ ఒక్కరే, అద్రియానా మతోషి. ఆమె ముఖం మీద వెలుగు ఎటునుంచి పడాలో, కెమెరా ఎంత దగ్గరికి వెళ్లాలో తేల్చిన మనిషి కూడా ఒక్కరే: సెవ్దియె కస్త్రాతి. 2021లో వెనిస్‌లో తొలిసారి ఆడి, అదే ఏడు టోక్యో చిత్రోత్సవంలో గ్రాండ్ ప్రీ అనే అగ్ర బహుమతి గెలుచుకున్న ‘వెరా సముద్రాన్ని కలగంటుంది’కి కూడా కెమెరా ఆమెదే.

కొసొవో జనాభా పదహారు లక్షలు. విజయవాడ, చుట్టుపక్కల ఊళ్లు కలిపితే అంతమంది ఉంటారు. అంత చిన్న చోట నుంచి వచ్చి ఊళ్లు తిరిగిన సినిమాల్లో మూడిటికి ఒకే కన్ను ఉందంటే ఆ కన్ను గురించి మాట్లాడుకోవాలి. కానీ ఎక్కడైనా ఇంటర్వ్యూలు దర్శకుడివి, ఫొటోలు నటీనటులవి. మన రివ్యూల్లో చూడండి, చివరి పేరాలో ‘కెమెరా పనితనం బాగుంది, ఎడిటర్ కత్తెరకు ఇంకాస్త పని చెప్పాల్సింది’ అని ఒక వాక్యం పడేసి వెళ్లిపోతాం. సినిమా మొత్తాన్ని మనకు చూపించిన మనిషికి దక్కేది అందులో సగం వాక్యం.

ఇంతకీ ఆమెది ఏ దేశం?

ముందు ఈ ముడి విప్పుకోవాలి. సెవ్దియె కస్త్రాతిని కొన్నిచోట్ల అల్బేనియన్ సినిమాటోగ్రాఫర్ అంటారు, కొన్నిచోట్ల కొసొవో సినిమాటోగ్రాఫర్ అంటారు. రెండూ నిజమే. ‘అల్బేనియన్’ అన్నది ఒక భాషకు, ఒక జాతికి పేరు. ‘అల్బేనియా’ అన్నది ఒక దేశం పేరు. తెలుగు మాట్లాడేవాళ్లంతా ఒకే రాష్ట్రంలో లేనట్టే అల్బేనియన్ మాట్లాడేవాళ్లూ ఒకే దేశంలో లేరు. కొసొవోలో అత్యధికులు అల్బేనియన్లే. పక్కనున్న ఉత్తర మాసిడోనియాలో కూడా చాలామంది ఉన్నారు.

సినిమా విషయానికొస్తే ఈ తేడా పెద్దదే. అల్బేనియాలో 1952లో తిరానా నగరంలో ప్రభుత్వ స్టూడియో మొదలైంది. పేరు ‘కినోస్టూడియో’. కమ్యూనిస్టు పాలన ఉన్నంతకాలం సినిమా అంటే అదే. అక్కడ ఎడిటర్‌గా చేరి, 1970లు, 80ల్లో పిల్లల సినిమాలతో పేరు తెచ్చుకున్న జాన్‌ఫీసె కెకో ఆ దేశంలో తొలి మహిళా దర్శకురాలు. కానీ ఆ స్టూడియోకీ కొసొవోకీ మధ్య మూసేసిన సరిహద్దు ఉండేది. కొసొవో అప్పుడు యుగోస్లావియాలో భాగం. అక్కడ 1969లో రాజధాని ప్రిష్టీనాలో ‘కొసొవాఫిల్మ్’ అని వేరే సంస్థ వచ్చింది. అంటే ఒకే భాషలో రెండు సినిమా సంప్రదాయాలు, ఒకదాని మొహం ఒకటి పెద్దగా చూడకుండా పెరిగాయి.

అందులో రెండోది మధ్యలో తెగిపోయింది. 1989లో కొసొవో స్వయంప్రతిపత్తిని బెల్‌గ్రేడ్‌లోని సెర్బియా ప్రభుత్వం లాగేసుకుంది. ఆ తర్వాత అల్బేనియన్లను ప్రభుత్వ ఉద్యోగాల్లోంచి, విశ్వవిద్యాలయంలోంచి బయటికి పంపేశారు. 1990లంతా చదువులు ఇళ్లల్లోనే నడిచాయి. ఎవరి ఇంటి గదో క్లాస్‌రూమ్, నేల మీద కూర్చుని పాఠాలు. ఉద్యోగాలే లేని చోట సినిమా ఏం ఉంటుంది? 1998లో సెర్బియా బలగాలకూ అల్బేనియన్ తిరుగుబాటుదారులకూ మధ్య యుద్ధం ముదిరింది. 1999 మార్చి 24న యుగోస్లావియా మీద నాటో బాంబు దాడులు మొదలై 78 రోజులు సాగాయి. ఎనిమిది లక్షలకు పైగా అల్బేనియన్లను సెర్బియా బలగాలు సరిహద్దులు దాటించి తరిమేశాయి. ఆ యుద్ధంలో చనిపోయినవాళ్లు, కనపడకుండా పోయినవాళ్లు కలిపి పదమూడు వేలు దాటుతారు. దాదాపు 1,600 మంది ఆచూకీ ఏళ్లు గడిచినా తేలలేదు.

ఆ వసంతంలోనే సెవ్దియె, ఆమె తోడబుట్టిన ఆంతొనెతా తమ తల్లినీ, మరో తోబుట్టువునూ పోగొట్టుకున్నారు.

డాక్యుమెంటరీ నుంచి లాస్ ఏంజెలెస్‌కి

యుద్ధం ఆగాక అక్కాచెల్లెళ్లిద్దరూ డాక్యుమెంటరీలు తీయడం మొదలుపెట్టారు. ఆంతొనెతాది దర్శకత్వం, సెవ్దియెది కెమెరా. తర్వాత అమెరికన్ దర్శకుడు కేసీ కూపర్ జాన్సన్‌తో కలిసి ‘క్రాసింగ్ బ్రిడ్జెస్ ఫిల్మ్స్’ అనే నిర్మాణ సంస్థ పెట్టారు. యుద్ధం తర్వాతి కొసొవోలో సినిమా నేర్చుకోవడానికి ఉన్న దారి చాలామందికి అదే. స్టూడియోలు లేవు, ఫ్లోర్లు లేవు, పెద్ద లైట్లు లేవు. చేతిలో ఒక వీడియో కెమెరా, ఎదురుగా మాట్లాడటానికి సిద్ధంగా ఉన్న మనుషులు.

డాక్యుమెంటరీలో కెమెరా పట్టినవాళ్లకు ఒక అలవాటు వస్తుంది. రెండో టేక్ ఉండదు. ఏడుస్తున్న మనిషిని ‘ఇంకోసారి, కొంచెం కిటికీ వైపు తిరగండి’ అనలేం. కాబట్టి మనమే కిటికీ ఎక్కడుందో ముందే చూసుకుని కూర్చోవాలి. మనిషి తల ఎప్పుడు వంచుతుందో పసిగట్టాలి. దగ్గరికి వెళ్లాలా, ఉన్నచోటే ఉండి మర్యాద పాటించాలా అన్నది అరక్షణంలో తేల్చుకోవాలి. నా దృష్టిలో సెవ్దియె ఫిక్షన్ సినిమాలకు పునాది అక్కడే పడింది.

తర్వాత ఇద్దరూ లాస్ ఏంజెలెస్‌లోని అమెరికన్ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ కన్సర్వేటరీలో చదివారు, ఒకరు దర్శకత్వం, ఇంకొకరు సినిమాటోగ్రఫీ. అది రెండేళ్ల కోర్సు. దర్శకత్వం, ఛాయాగ్రహణం, ఎడిటింగ్, నిర్మాణం, ప్రొడక్షన్ డిజైన్, స్క్రీన్‌ప్లే అని ఆరు విభాగాలు. ఒక్కో విభాగం నుంచి ఒక్కొక్కరు జట్టు కట్టి సినిమాలు తీయాలి. దర్శకుడు ఒక్కడే సినిమా తీస్తాడన్న భ్రమను అక్కడ మొదటి ఏడాదిలోనే వదిలిస్తారు.

సినిమాటోగ్రఫీ విభాగంలో చేరడం ఆడవాళ్లకు అమెరికాలో కూడా మామూలు విషయం కాదు. ఆస్కార్‌లో ఛాయాగ్రహణానికి ఒక మహిళకు నామినేషన్ రావడానికి 2018 దాకా, అంటే 90వ వేడుక దాకా పట్టింది. ఆ నామినేషన్ దక్కిన రేచెల్ మారిసన్ కూడా ఇదే సంస్థలో చదువుకున్నారు. మన దగ్గర బి.ఆర్.పంతులు గారి అమ్మాయి బి.ఆర్.విజయలక్ష్మి 1980ల్లోనే మద్రాసులో కెమెరా చేపట్టి సినిమాలు తీశారు. అయినా ఇప్పటికీ ‘కెమెరామాన్’ అన్న మాటకు ఆడవాళ్లకు సరిపోయే రూపం మనకు లేదు. ‘ఛాయాగ్రాహకురాలు’ అంటే రాయడానికి బాగుంటుంది, సెట్లో ఎవరూ పిలవరు.

కిటికీ పక్కన మనిషి

ఆమె పని అర్థం కావాలంటే ఒక మామూలు సన్నివేశాన్ని ఊహించుకోండి. వంటగది. ఒకే కిటికీ. దాని ముందు ఒకావిడ నిలబడి ఉంది, వీపు వెలుగు వైపు, ముఖం మన వైపు. బయట మధ్యాహ్నం ఎండ.

ఫోన్‌తో ఫొటో తీసినా ఈ ఇబ్బంది తెలుస్తుంది. కిటికీకి తగ్గట్టు కెమెరాలోకి వెలుగు రానిస్తే, బయట చెట్లు చక్కగా కనిపిస్తాయి, ఆవిడ ముఖం నల్లటి ముద్దలా ఉంటుంది. ముఖానికి తగ్గట్టు రానిస్తే, కిటికీ తెల్లగా పేలిపోయి బయట ప్రపంచమే ఉండదు. రెండిటి మధ్య ఎక్కడ ఆగాలన్నది సినిమాటోగ్రాఫర్ నిర్ణయం. ముఖాన్ని చీకట్లో వదిలేస్తే ఆవిడ మనసులో ఏముందో మనం వెతుక్కోవాలి. కిటికీని తెల్లగా పేలనిస్తే ఆవిడకు ఆ ఇల్లు తప్ప ఇంకేం లేదనిపిస్తుంది. గదిలో ఇంకో లైటు పెట్టి రెండూ కనిపించేలా చేస్తే అంతా శుభ్రంగా, టీవీ సీరియల్‌లా ఉంటుంది. డైలాగ్ మారలేదు, నటన మారలేదు, కథ మూడు రకాలుగా మారిపోయింది.

దీనికి లెన్స్ తోడవుతుంది. వైడ్ లెన్స్ పెట్టి దగ్గరికి వెళ్తే గది మొత్తం ఆవిడ చుట్టూ మూగినట్టు ఉంటుంది. టెలి లెన్స్ పెట్టి దూరం నుంచి తీస్తే వెనకున్నదంతా మసకబారి ఆవిడ ఒంటరిదైపోతుంది. దర్శకురాలు ‘ఈమెకు ఊపిరాడట్లేదు’ అంటుంది. ఆ మాటను లెన్స్ మిల్లీమీటర్లలోకి, వెలుగు కొలతల్లోకి మార్చడమే సినిమాటోగ్రాఫర్ ఉద్యోగం. అందుకే ఏ షాట్ ఎవరి ఆలోచన అని విడదీయడం దాదాపు అసాధ్యం. ఒకే కెమెరా మనిషి వేర్వేరు దర్శకులతో చేసిన సినిమాలను పక్కపక్కన పెట్టి చూస్తేనే కొంత తేలుతుంది. కస్త్రాతి విషయంలో మనకు ఆ అవకాశం ఉంది.

జానా

అల్బేనియన్ జానపద కథల్లో ‘జానా’ అంటే కొండల్లో తిరిగే వనదేవత. అందగత్తె, మహా శక్తి కలది, కోపం వస్తే చూపుతోనే మనిషిని రాయిగా మార్చేస్తుందంటారు. ఆంతొనెతా తన మొదటి ఫీచర్ సినిమాకు ఆ పేరు పెట్టారు. 2019లో టొరంటో చిత్రోత్సవంలో అది మొదటిసారి ఆడింది.

కథ లూమె అనే పల్లెటూరి ఆవిడది. యుద్ధం అయిపోయి ఏళ్లయింది. ఇంట్లోవాళ్లకు ఆమె బిడ్డను కనాలి, అంతే. కనకపోతే అత్తగారు ఇంకో కోడలిని తెచ్చేలా ఉంది. డాక్టర్ల దగ్గరికి తిప్పుతారు, పని జరగక మంత్రగాళ్ల దగ్గరికి, తాయెత్తుల దగ్గరికి తీసుకెళ్తారు. లూమెకు మాత్రం రాత్రయితే పీడకలలు. ఆ కలలు యుద్ధంలోంచి వస్తున్నాయని, ఆమె లోపల పాతిపెట్టుకున్న దుఃఖం ఒకటుందని మనకు మెల్లగా తెలుస్తుంది. ఇంటిల్లిపాదీ మాత్రం దాన్ని గాలి సోకడం అనుకుంటారు. ఇందులో ఏ పాత్రా మనకు కొత్త కాదు. ఆ అత్తగారిని మనం ఏదో ఊళ్లో చూసే ఉంటాం.

ఛాయాగ్రహణం పరంగా ఈ సినిమా చిక్కంతా ఒకచోటే ఉంది: కలకూ మెలకువకూ మధ్య గీత ఎంత లావుగా ఉండాలి? మనకు అలవాటైన పద్ధతి తెలుసు కదా. కల అనగానే పొగ, నీలం రంగు, స్లో మోషన్. అలా చేస్తే ప్రేక్షకుడికి హాయి, ‘ఇది కల, భయం లేదు’ అని కుదురుగా కూర్చుంటాడు. ‘జానా’లో ఆ హాయి దక్కదు. పీడకల లూమె పగటి జీవితంలోకి జారిపడుతూ ఉంటుంది. పొలం అదే, ఇల్లు అదే, మనుషులు వాళ్లే. ఎప్పుడో గానీ ఇది నిద్రా మెలకువా అని తేలదు. యుద్ధం చూసినవాళ్లకు ఆ రోజులు ఇంకో రంగులో గుర్తుండవు, నిన్న చూసినట్టే ఉంటాయి. కెమెరా వెనక ఉన్నావిడకు అది వేరేవాళ్లు చెప్పాల్సిన విషయం కాదు.

ఇక్కడే ఒక జాగ్రత్త అవసరం. ‘ఆమె దుఃఖమే ఆమె కళ’ అని రాసేయడం చాలా సులువు, అలా రాసేవాళ్లూ ఉన్నారు. దుఃఖం ఉన్నంత మాత్రాన ఎక్స్‌పోజర్, అంటే కెమెరాలోకి రానిచ్చే వెలుగు లెక్క, కుదరదు. 1999లో కొసొవోలో ఇంటివాళ్లను పోగొట్టుకున్నవాళ్లు వేలల్లో ఉన్నారు. అది ఆమె కథకు మూలం. పనితనం మాత్రం ఏళ్ల తరబడి డాక్యుమెంటరీలు తీసి, రెండేళ్లు పరాయి దేశంలో చదివి సంపాదించుకున్నది.

మిగతా రెండు

‘మర్తెసా’ అంటే పెళ్లి. దర్శకురాలు బ్లెర్తా జెచీరి. అనిత, బెకిమ్‌ల పెళ్లికి ఇంకా కొన్ని రోజులే ఉందనగా నోల్ అనే పాత స్నేహితుడు ఫ్రాన్స్ నుంచి దిగుతాడు. బెకిమ్‌కీ నోల్‌కీ మధ్య ఉన్నది ప్రేమ అని, అది యుద్ధం రోజుల నాటిదని మనకు తెలుస్తుంది, అనితకు తెలియదు. అనిత తల్లిదండ్రులు యుద్ధంలో కనపడకుండా పోయారు. ఎముకలైనా దొరుకుతాయేమోనని ఆమె ఎదురుచూపు. ఒక గదిలో ముగ్గురు కూర్చున్నారంటే ముగ్గురికీ తెలిసిన నిజాలు వేరు. అలాంటప్పుడు ఎవరి ముఖం ఫ్రేమ్‌లో ఉంచాలి, ఎవరి వీపు ఉంచాలన్నదే కథనం.

మూడోది, ‘వెరా సముద్రాన్ని కలగంటుంది’, నాకు ఎక్కువ ఇష్టం. దర్శకురాలు కల్త్రీనా క్రాస్నిచి, రచన దోరుంతీనా బాషా. వెరా నడివయసు దాటిన మనిషి, బధిరులకు సైగల భాషలో అనువాదం చేసే ఉద్యోగం. జడ్జిగా పనిచేసిన భర్త ఒకరోజు ఆత్మహత్య చేసుకుంటాడు. పల్లెలో ఉన్న ఇల్లు అమ్ముకుందామంటే భర్త తరఫు మగవాళ్లు అడ్డం పడతారు. అతను జూదంలో ఏం పోగొట్టాడో, ఎవరికి ఏం మాటిచ్చాడో ఒక్కొక్కటే బయటికొస్తుంది. ఆ పక్కనుంచి హైవే వస్తోంది, భూమి ధర పెరిగింది. రింగ్ రోడ్డు అలైన్‌మెంట్ వార్త వచ్చిన రోజు ఊళ్లో చుట్టరికాలు ఎలా మారతాయో చూసిన తెలుగువాళ్లకు ఈ కథను ప్రత్యేకంగా వివరించక్కర్లేదు. కొసొవో చట్టం కొడుకుకూ కూతురుకూ సమాన వాటా అంటుంది. ఆచారం కొడుక్కే అంటుంది. వెరాకు ఉన్నది ఒక్క కూతురు.

ఇక కెమెరా సంగతి. మామూలు పాత్ర మాట్లాడుతుంటే క్లోజప్‌కి వెళ్లొచ్చు, మాట ఎలాగూ వినిపిస్తుంది. సైగల్లో మాట్లాడే మనిషికి క్లోజప్ పెట్టి చేతులు ఫ్రేమ్ బయటికి తోసేస్తే మాట మధ్యలో నోరు మూసినట్టే. కాబట్టి ఫ్రేమ్‌కు కనీస వెడల్పు పాత్రే నిర్ణయిస్తుంది. నడుము పైనుంచి, రెండు చేతులూ కదలడానికి చోటుతో. వెలుగు ముఖం మీదే కాదు, వేళ్ల మీద కూడా పడాలి. ఇతరుల మాటలన్నీ మోయడం వెరా ఉద్యోగం, సొంత మాట ఎవరూ వినరు. ఆ సంగతి డైలాగ్‌లో చెప్పకపోయినా ఆ చేతులను చూస్తుంటే తెలుస్తుంది.

అందరూ ఆడవాళ్లే ఎలా?

2021లో కొసొవో పేరు సినిమా వార్తల్లో మార్మోగింది. బ్లెర్తా బషోల్లి తీసిన ‘హైవ్’ అమెరికాలోని సన్‌డాన్స్ చిత్రోత్సవంలో ఒకేసారి మూడు బహుమతులు కొట్టి, తర్వాత ఆస్కార్ చివరి పదిహేను సినిమాల జాబితా దాకా వెళ్లింది. నోరికా సెఫా సినిమాకు రాటర్‌డామ్‌లో బహుమతి. లువానా బైరామి సినిమా కాన్‌లో ఆడింది. వెనిస్‌లో ‘వెరా’. అందరూ ఆడవాళ్లే. ‘పితృస్వామ్యం అంత గట్టిగా ఉన్న చోట ఇదెలా?’ అని విదేశీ పత్రికలు ఆశ్చర్యపోయాయి.

నాకు తోచిన కారణం కాస్త పొడిగా ఉంటుంది. పెద్ద పరిశ్రమల్లో కెమెరా విభాగం ఒక నిచ్చెన. బాక్సులు మోసే అసిస్టెంట్‌గా చేరి, ఫోకస్ సరిచూసే ఫోకస్ పుల్లరై, ఆపరేటరై, ఎప్పటికో కెమెరామాన్ అవుతారు. ప్రతి మెట్టు మీదా పైవాడు చెయ్యి అందిస్తేనే ఎక్కేది. ఆ పైవాడు ఎప్పుడూ మగవాడే, అతను అందించేది తనలాంటి కుర్రాడికి. కొసొవోలో 1990ల్లో ఆ నిచ్చెనే విరిగిపోయింది. యుద్ధం తర్వాత పైన కూర్చుని ‘ఇది ఆడపిల్లల పని కాదమ్మా’ అనడానికి పెద్దగా ఎవరూ మిగల్లేదు. డిజిటల్ కెమెరాలు చవకయ్యాయి. కొసొవో సినిమాటోగ్రఫీ సెంటర్ అనే ప్రభుత్వ సంస్థ చిన్న మొత్తాలైనా నిధులు ఇచ్చింది. 2002లో ప్రిజ్రెన్ పట్టణంలో కొందరు స్నేహితులు మొదలుపెట్టిన డాక్యుమెంటరీ పండుగ ‘డోకుఫెస్ట్’ ఏటా బయటి ప్రపంచాన్ని ఇంటి ముంగిట్లోకి తెచ్చింది. ఖాళీ స్థలంలో ముందు ఎవరు నిలబడితే వాళ్లదే వరస.

అయితే లువానా, బ్లెర్తా, నోరికా, కల్త్రీనా అని దర్శకుల పేర్లు చెప్పుకున్నంత తేలిగ్గా కెమెరా వెనక ఆడవాళ్ల పేర్లు చెప్పుకోలేం. ఈ అలలో కూడా చాలా సినిమాలకు కెమెరామెన్ మగవాళ్లే, అందులో కొందరు బయటి దేశాలవాళ్లు. ‘హైవ్’కి కూడా అంతే. ఆడవాళ్ల సినిమా అని మనం మెచ్చుకుంటున్న చోట కూడా మగవాళ్లు అన్నిటికన్నా ఆఖరున వదిలేది కెమెరా కుర్చీనే.

డబ్బు సంగతి కూడా చెప్పుకోవాలి. ఒక్క దేశం నిధులతో ఇవేవీ పూర్తికావు. ‘జానా’ కొసొవో, అల్బేనియా కలిసి తీసినది. ‘వెరా’కు ఆ రెండిటితోపాటు ఉత్తర మాసిడోనియా తోడైంది. ఒకప్పుడు మొహమొహాలు చూసుకోని రెండు సినిమా సంప్రదాయాలు ఇప్పుడు ఒకే టైటిల్ కార్డు మీద పక్కపక్కన ఉన్నాయి. ఆమెను అల్బేనియన్ అనాలా, కొసొవో మనిషి అనాలా అన్న ప్రశ్న ఈ లెక్కల పుస్తకాల్లో ఎప్పుడో కలిసిపోయింది.

సినిమాలు పండుగలకు వెళ్లినంత సులువుగా తీసినవాళ్లు వెళ్లలేకపోయేవారు. కొసొవో పాస్‌పోర్టుతో యూరప్‌లోని చాలా దేశాలకు వీసా లేకుండా అడుగుపెట్టడం 2024 జనవరి 1 నుంచి గానీ కుదరలేదు. అంతకు ముందు స్క్రీనింగ్ తేదీ దగ్గరపడుతుంటే వీసా టెన్షన్ వేరే.

అప్పుడు కూడా వీసా అక్కర్లేని దిక్కు ఒకటుండేది, పడమర. కొసొవోకు సముద్రం లేదు. ప్రిష్టీనా నుంచి అల్బేనియా తీరంలోని దుర్రెస్ వైపు కొండలను తొలిచి హైవే వేశారు. మూడు నాలుగు గంటల ప్రయాణం. వేసవి వస్తే కుటుంబాలకు కుటుంబాలు కార్లలో సామాను కుక్కుకుని ఆ దారిన సముద్రం చూడ్డానికి బయల్దేరతాయి.